యేలిముద్ర

బంగారుపాళ్యెం మీసేవలో
పదకొండో టోకెను మాది.
చరిష్మకు మూడేండ్లు. దానికి నీలం కార్డంట,
దాని యేలు వద్దంట, నా యేలే కావాలంట.

బొటనయేలు పెట్నాను. ఎర్రలైటు.
చీరకు తుడుచుకోని పెట్నాను. మళ్లీ ఎర్రలైటు.
ఏం పని చేస్తావమ్మా, అన్నాడు ఆ పిల్లోడు.
గుజ్జు ఫ్యాక్టరీ నాయనా. తోతాపురి తొక్క తీస్తా.
ఆరు సీజన్ల సొన
గీతలన్నీ తినేసింది, ఏం జేసేది?

వ్యాజిలిన్ పూసినాడు,
పదేళ్లూ ఒకటొకటే అడిగినాడు.
నేను పుట్టినప్పుడు మంత్రసాని గూడా
ఇంత జాగర్తగా లెక్కబెట్టిండదు.

ఇంతలో చరిష్మ, ఎవురూ అడక్కనే,
బెల్లం మిఠాయి తిన్న చేత్తో
గాజుపలక మీద అద్దింది.
సుడి సుడిగా, ఒక్క గీతన్నా చెరక్కుండా
అచ్చు పడింది.
పిల్లోడు గుడ్డతో తుడిచేసినాడు,
దీనిది ఐదేండ్లు నిండినాకమ్మా, అని.

కడాకు
ఎడమచేతి చిటికెనేలికి పచ్చలైటు.
పండు పట్టుకునేటప్పుడు
పక్కకు జరిగి నిలబడే సోమరి యేలు.

బస్సులో దాన్ని
కొంగులో చుట్టుకోని కూసున్నా.
సోమారం మళ్లీ సొనలోకే గదా.