మూడో టేక్

"ఇంకోసారి, కపింగా.
అటు నుంచి నడిచి రండి, ఆగండి, తలెత్తి చూడండి.
ఏమనిపిస్తే అదే చెప్పండి."
లీవా గొంతు మెత్తన.
నా కాలరు కింద మైకు,
చొక్కా లోపల చీమల బారులా దాని తీగ.

తలెత్తి చూడటం నాకు అలవాటు లేదు.
పదకొండేళ్లుగా ప్రతి మంగళవారం
నిచ్చెనెక్కి ఈ జనరల్‌కి తలంటుతున్నదాన్ని.
చెవి వెనక పావురం రెట్ట ఎంత గట్టిపడుతుందో
కత్తి ఒరలో దిగిన వాన నీళ్లు
చలికి గడ్డకట్టి కంచుని ఎలా చీలుస్తాయో
షెల్డ్ ఒడ్డున ఈ ఊళ్లో
నాకు కాక ఎవరికి తెలుసు?

మొదటి టేకులో అదే చెప్పాను.
"బాగుంది," అంది లీవా, "కానీ మీ ముత్తాత గురించి..."

ముత్తాత.
రబ్బరు బుట్టలు మోశాడని
పరిశోధన కుర్రాడు కాగితం మీద రాసుకొచ్చాడు.
నాకు తెలిసింది అమ్మ చెప్పిన ఒక్క ముక్క:
ముద్ద తింటున్నంతసేపూ ఆయన
ఎడమ చెయ్యి వీపు వెనకే ఉంచుకునేవాడట.
ఎందుకని అమ్మ అడగలేదు.
అమ్మను నేనూ అడగలేదు.
తెలియనిదాన్ని క్లోజప్పులో ఎలా చూపిస్తారు?

రెండో టేకులో సభ గురించి అడిగారు.
టౌన్‌హాలు కిక్కిరిసింది.
తీసెయ్యాలన్నవాళ్లు, ఉంచాలన్నవాళ్లు,
పక్కన ఒక పలక పెడితే సరిపోతుందన్నవాళ్లు.
మా అమ్మానాన్నలు ఈయన నీడలోనే మనువాడాలనుకున్నారని
బేకరీ ఓమర్ కళ్లు తుడుచుకున్నాడు.
మంచివాడు. నిన్నటి రొట్టె నాకు సగం ధరకిస్తాడు.
ఆయన మీద నాకు కోపం రాలేదు.
రానందుకు నా మీదే వచ్చింది.
"కట్," అంది లీవా. "ఇది వాడుకోవచ్చు."
వాడుకోవచ్చట.

మూడో టేక్.
నడిచాను, ఆగాను.
ముందువైపు కాదు, వెనక్కి తిరిగి వెళ్లాను.
కెమెరా కుర్రాడు కేబుల్ తట్టుకుని తిట్టుకుంటూ వెంటబడ్డాడు.

మార్చిలో ఎవరో రాత్రికి రాత్రి
జనరల్ రెండు చేతులకీ ఎర్ర రంగు పూశారు.
పొద్దున్నే ఫోను. పదింటికల్లా పోవాలన్నారు, మేయరు వస్తున్నారు.
వేన్నీళ్లు, నైలాను బ్రష్షు, రెండు గంటలు.
కుడి చెయ్యి, కత్తి పట్టుకున్నది, మెరిసేలా తోమాను.
ఎడమ చెయ్యి వీపు వెనక మడిచి ఉంటుంది,
ఠీవి కోసమట, శిల్పి ఆలోచన.

దాని చిటికెన వేలు లోపలివైపు
కడగలేదు.

"ఇది రికార్డవుతోందా?" అన్నాను.
మైకు కర్ర పట్టుకున్న పిల్ల తలూపింది.
"మా ఇన్‌స్పెక్టర్ కూడా చూస్తాడుగా?"
చూస్తాడు.
సరే.
నిచ్చెన లేకుండా మునివేళ్ల మీద లేచి
అది ఎక్కడుందో వేలు పెట్టి చూపించాను.
చలికాలపు కంచు, చుర్రుమంది.

చాలాసేపు ఎవరూ "కట్" అనలేదు.
లీవా ఇంకోసారి అంటుందనుకున్నాను.
ట్రామ్ ఒకటి గంట కొట్టుకుంటూ పోయింది.
రేపు మంగళవారం.