పూలకుండీకి చెవులు

బెర్లిన్‌లో, మోవాబిట్ పేట ట్రాము మలుపు దగ్గర
నూట ఎనభై కుర్చీల సినిమా హాలు మాది.
తెర కింద, ఎడమ పక్కన, నా పియానో.
రెండు మీటలు పలికేవి కావు.
వాటిని తప్పించి వాయించడం
ఆరేళ్ళలో అలవాటైపోయింది.

బుధవారాలు ఓటీలియె వచ్చేది.
లాండ్రీలో ఇస్త్రీ పని. ముంజేతుల నిండా ఆవిరి మచ్చలు.
మొదటి వరుసలో చివరి కుర్చీ ఆమెది.
అక్కడైతే పియానో చెక్కకి
అరచెయ్యి ఆనించొచ్చు.
పుట్టుచెవుడు.
నేను గట్టిగా వాయిస్తే ఆమె కనుబొమలు లేచేవి,
మెల్లగా వాయిస్తే, నిద్రపోతున్నావా అన్నట్టు
చెక్కమీద రెండుసార్లు తట్టేది.

తెరమీద ఆమె కూతురు,
హెన్రీకె.
రాకుమారి, దొంగ, దాది,
ఇరవై రెండేళ్ళకే ఒకసారి వితంతువు కూడా.
ఆ ముఖం మా గోడంత ఉండేది.

మంచు పడుతున్న వంతెన మీద
సైనికుడి భుజం పట్టుకుని ఏదో అంటుంది, కళ్ళలో నీళ్ళు.
వెనకే అక్షరాలు: "మీరు లేని వసంతం నాకెందుకు?"
హాలంతా ముక్కులు చీదుతుంటే
ఓటీలియె కడుపు పట్టుకుని నవ్వింది.
విరామంలో టికెట్టు వెనక పెన్సిలుతో రాసి చూపించింది:
"బొగ్గులవాడి బాకీ తీర్చావా అమ్మా, అని అడుగుతోంది."

అప్పటినుంచి నాకు తెలుసు,
ప్రతి సినిమాలోనూ ఒక మాట
ఆ చివరి కుర్చీకే వచ్చేదని.
బూట్లు కరుస్తున్నాయని.
హీరో నోరు ఉల్లిపాయ కంపని.
నెలాఖరుకి ఇంటికొస్తానని. (ఆ నెల రాలేదు.)
దేశమంతా చూస్తుండగా విప్పిన ఉత్తరం,
దేశానికి చదవడం రాదు.

తర్వాత సినిమాకి మాట వచ్చింది.

హెన్రీకె పని అయిపోయిందన్నారు అందరూ.
పేట యాస, ఇస్త్రీ కొట్లో పెరిగిన నోరు,
మైకు ముందు నిలుస్తుందా అని.
నిలిచింది.
చెవిటితల్లి బిడ్డ, మాట నమిలి మింగడం ఎరగదు.
ప్రతి అక్షరాన్నీ తడిబట్టలా దులిపి
పెదాలమీద ఆరేసేది.
కంపెనీ జీతం రెట్టింపు చేసింది.

గోడలకు చెవులుంటాయని వినేవాళ్ళం,
ఇప్పుడు పూలకుండీలకి మొలిచాయి.
మైకు ఏ కుండీలో దాస్తే ముఖం అటే తిప్పాలట.
ప్రేమించినా, తిట్టినా, ప్రాణం విడిచినా
కుండీ వైపే.
కెమెరాకి చెంప, మెడ, ఒక చెవిపోగు.
ఓటీలియెకి మిగిలింది ఆ చెవిపోగే.

అక్షరాల అట్టలు ఎత్తేశారు.
ఆ ఫిబ్రవరిలో నన్నూ ఎత్తేశారు,
రెండు వారాల జీతం చేతిలో పెట్టి.
పియానో ఎవరికో అమ్మారు, పలకని మీటల సంగతి చెప్పకుండా.
ఇప్పుడు అదే హాలు గుమ్మంలో టికెట్లు చింపుతున్నాను.

ఆమె మాత్రం బుధవారం మానలేదు.
ఆనించడానికి చెక్క లేక
అరచెయ్యి ఒడిలో పెట్టుకుంటుంది,
పనిలోంచి తీసేసిన మనిషిలా.
తెరమీద కూతురు అందరితో మాట్లాడుతుంది.
నీ పిల్ల గొంతు తేనె, అంటారట లాండ్రీలో,
వేలితో గొంతు చూపించి, నాలుక చప్పరించి.
తలూపుతుందట. తేనె రుచి తెలుసుగా.

మొన్నటి సినిమాలో ఒక రైలు.
మూసిన కిటికీ అద్దం వెనక హెన్రీకె.
మైకు పెట్టే చోటు దొరకలేదో ఏమో,
ఇంజను కూత ఒక్కటే వినిపిస్తుంది.
ముఖం నేరుగా మా వైపు.
పెదవులు కదిలాయి, నాలుగు మాటలో, అయిదో.
చివరి కుర్చీలోంచి ఒక నవ్వు,
ఎంత పెద్దదో తనకే తెలియని నవ్వు,
పైకప్పు దాకా.
"ఉష్" అన్నారు వెనకనుంచి.
బొచ్చుకాలరు కోటు ఆయన లేచి నిలబడి మరీ అన్నాడు.
ఆమెకేం తెలుస్తుంది.

పోతూ పోతూ సగం టికెట్టు నా చేతిలో పెట్టింది.
వీధిదీపం కింద చదివాను:
"రోజంతా మాట్లాడి గొంతు నొప్పిగా ఉందట.
తేనె పంపాలి. సీసా పగలకుండా
పోస్టులో ఎలా కట్టాలి?"