ఎదురుకాళ్లు

నేను ఎదురుకాళ్ల పుట్టిన.
అందుకే బల్మూరుల ఎవ్వరి నడుం పట్టినా
మా ఇంటి ముంగట బోర్ల పండుకునేటోళ్లు.
ఆదివారం పొద్దుగాల, పరగడుపున,
ఎడమకాలితోని మూడు తన్నులు.
ఏడేండ్లప్పుడు పటేలు నడుం గూడ తన్నిన.
దోసెడు పల్లికాయ పెట్టిచ్చిండు,
ఎవ్వరికీ చెప్పొద్దన్నడు.

మా అమ్మ మాత్రం ఏనాడూ తన్నించుకోలే.
"లోపలున్నప్పుడు తన్నినవు, సాలు" అనేది.
రెండు రాత్రులట.
పాదాలొచ్చినయి, పిర్రలొచ్చినయి, చేతులొచ్చినయి,
తలకాయ ఒక్కటి లోపల్నే ఆగింది.
మంత్రసాని బుడ్డవ్వ గుంజలేదట.
గుంజితే మెడ పోతదని
తన చేతులు తనే ఎనక్కి పట్టుకొని కూసున్నదట.
అందరు తిట్టిన్రట.
నా మొకం కంటె ముందు
నా అరికాళ్లు ఎరుక మా అమ్మకు.

ఇప్పుడు అచ్చంపేట దవఖానల నర్సును.
కరెంటు పోయిన ఇంట్ల సామాన్లు తడిమినట్టు
పొట్ట తడుముత.
గట్టిగ, గుండ్రంగ ఉంటె తల.
మెత్తగుంటె పిర్రలు.
వీపు ఏ దిక్కో, మోకాళ్లు ఏ దిక్కో.

ఈ రాత్రి శివలీల. తొలిచూలు.
తల కిందికే ఉన్నదని ఇంటోళ్లు సంబురపడ్డరు.
ఉన్నది గని, మొకం మీదికి,
వీపు తల్లి వీపుకు ఆనిచ్చి.
నొప్పి పొట్టల లేదు, అంత నడుంలనే.
తిరగాల్సింది సగం చుట్టే.
పొద్దూకినప్పటి సంది అదే సగం.

అత్త నాగేంద్రమ్మ నా చెవుల అన్నది:
"మీరు ఎదురుకాళ్లంట గద సిస్టరూ,
పిల్ల నడుం మీద ఒక్కటి తన్నరాదూ."

చెప్పులు విడిచిన.
మల్ల తొడుక్కున్న.

"లే శివలీలా, ఎల్లకిల పండకు.
ఇల్లు అలుకుతవు గద, గట్లుండు,
మోకాళ్ల మీద, చేతుల మీద.
పొట్టను ఏలాడనియ్యి.
మూలమూలకు జాజు పూసినట్టు నడుం తిప్పు."
అరచెయ్యి కింద గట్టి కండ ఉంటది,
చేతికి మడమ లెక్క.
దాన్ని ఆమె నడుం కింది ఎముక మీద ఆనిచ్చి
నొప్పి వచ్చినప్పుడల్ల ఒత్తిన.
పోయినప్పుడు తీసిన.
డాక్టరమ్మ వచ్చి బిడ్డ గుండె విని పోయింది, మల్లొచ్చి విన్నది.
ఆపరేషన్ గది తాళం తీసే ఉంచిన్రు.

నాలుగున్నరకు
నా చెయ్యి కింద ఏదో కదిలింది,
నిద్రల ఎవరో పక్కకు ఒత్తిగిలినట్టు.
"నొప్పి జాగ మారింది" అన్నది శివలీల,
దొంగను చూసినదాని లెక్క.

ఆడపిల్ల. నేలను చూసుకుంట వచ్చింది.
నెత్తి ఒక దిక్కు ఉబ్బి ఉన్నది,
తొవ్వ దొరికేదాక గోడకు కొట్టుకున్నట్టు.

"మరి తిరిగి పుట్టినదాని చెయ్యి
ఏ రోగానికి పనికొస్తది సిస్టరూ?"
అడిగింది నాగేంద్రమ్మ.
నాకు లేవరాలేదు. నడుం పట్టింది.
రేపు ఆదివారం.
ఈ అచ్చంపేటల
ఎదురుకాళ్లోళ్లు ఇంకెవరున్నరో అడగాలె.