కుర్చీకి సారీ

కొర్లగుంటలో మూడో అంతస్తు.
ఫ్యాను ఆపితేనే మైకు పనికొస్తుంది.
కింద సరసమ్మగారి కుక్కరు మూడో కూత అయ్యేదాకా
ఆగి
ఇంగ్లండువాళ్ళ నవ్వులకు వాయిస్తాను.

నవ్వులకు కాదు, నవ్వుల పక్క సందులకు.
తలుపు మూసుకున్నాక నాలుగు సెకన్లు,
ఊరి మీద వాన చూపించేటప్పుడు ఏడు,
ఎవరూ ఏమీ అనని చోట ఒకటిన్నర.
మార్జరీ రాస్తుంది: "ఇంకా తక్కువ, వినపడీ వినపడనట్టు."
చారులో ఇంగువ గురించి మా అత్త చెప్పినట్టే.

ఈ వారం సీను:
బూడిదరంగు కోటు మనిషి
ఆఫీసులో కుర్చీకి తగిలి
కుర్చీకి సారీ చెబుతాడు.
అంతే.
పదకొండుసార్లు చూశాను, నవ్వు రాలేదు.
బస్సూన్ పెట్టాను, తీసేశాను.
వయొలిన్ తీగలు గిల్లాను, అందరూ గిల్లే పిల్లినడకే,
అదీ తీసేశాను.

పన్నెండోసారి, రాత్రి రెండింటికి,
రేణిగుంట వైపు గూడ్సుబండి పోతుంటే
ఆ కోటు కింద చెంగల్రాయుడు మామ కాళ్ళు కనిపించాయి.

పలమనేరు పక్కన భారతం మిట్ట.
పదో రాత్రి ఆట.
దుర్యోధనుడు ఇంకా కిరీటం కట్టుకుంటా ఉండాడు,
జనం కూర్చున్నచోటే తూగుతా ఉండారు.
బఫూను వేషంలో మామ తెర ముందుకొచ్చి
పెట్రోమాక్సు గుంజకు గుద్దుకొని
గుంజకు దండం పెట్టి
"తప్పయిపాయ సామీ, నువ్వీడ నిలబడుండావని తెల్దు."

నాయన ముఖవీణలో ఒక్క కూత.
కిందికి జారి సగంలో తెగేది.
తెగినచోట దూకేది నవ్వు.
"నిండా ఊదితే వాళ్ళు నవ్వేదానికి చోటేది రా అబ్బోడా?"
అన్నాడొకసారి, పీకను నోట్లో నానబెట్టుకుంటా.
మద్దెల మునెయ్యకు ఆ సంగతి చచ్చేదాకా తెలీలేదు.

బీరువా పైన అట్టపెట్టె.
గుడ్డ విప్పితే ఆముదం వాసన.
పీక ఎండి చీలింది, కొత్తది కట్టుకున్నాను.
నా ఊపిరి నాయన ఊపిరి కాదు.
నలభైమూడు తప్పులు రికార్డయ్యాయి.
నలభైనాలుగోదీ తప్పే,
కానీ తెగాల్సిన చోట తెగింది.
అదే పంపాను.

మధ్యాహ్నానికి మార్జరీ జవాబు:
"చాలా బాగుంది. ఏంటిది, బాతా?"

కిందికి పోయి టీ తాగొచ్చాను.
"అలాంటిదే" అని రాసి, చెరిపి,
"మా నాయన" అని రాసి
అదీ చెరిపి
బిల్లు తెరిచాను.
సెకన్ల లెక్కన వాళ్ళ డబ్బు.
కూత, ఒకటిన్నర.
దాని తర్వాతి ఖాళీ
ఎవరి ఖాతాలో వెయ్యాలో తెలీక
ఫ్యాను వేసుకున్నాను.