పరిగె

డెబ్బై నాలుగులో నాకు రష్యన్ రాదు.
ఇప్పుడూ రాదు.
అయినా గవర్నర్‌పేట ఆఫీసు అరువిచ్చిన ప్రొజెక్టరు
ఒళ్ళో పెట్టుకుని, దుగ్గిరాల బస్సులో
ఎవరిదో పసుపు బస్తా మీద రీళ్ళ డబ్బా ఆనించి
ఊరూరా దిగేవాణ్ణి.
సమష్టి సేద్యానికి తెలుగు గొంతు నాది.

ఈమనిలో బడి గోడకి దుప్పటి కట్టారు సంఘం కుర్రాళ్ళు.
గాలికి అది ఉబ్బినప్పుడల్లా
ట్రాక్టర్లు నిండు చూలాళ్ళలా నడిచేవి.
"అదిగో, మంచు" అన్నాను.
"సున్నం పోశారేమో" అన్నారెవరో.
"ఇది అందరి పొలం. గట్లుండవు" అన్నాను.
గట్టు లేకపోతే నీళ్ళెట్టా నిలుస్తయ్యిరా అని
ముందు వరసలో నీరుకట్టు ముసలాయన తగువేసుకున్నాడు.
ఆయనకి నచ్చచెప్పేలోపు
రెండు ఊళ్ళు, ఒక నది వెళ్ళిపోయాయి.

కాగితంలో ఉన్నది సగమే చదివాను.
మిగతా సగం నేనే పండించాను.
పాలు పితికే పిల్లకి పెళ్ళి కుదిర్చాను,
టోపీ పెట్టుకున్నాయన్ని ప్రెసిడెంటుని చేశాను,
అక్కడ కాటా అబద్ధమాడదని మాటిచ్చాను.

అప్పుడొచ్చింది కోత మిషను,
ఇటు చేను మింగుతూ, అటు గింజలు కక్కుతూ.
ఒకటే చప్పట్లు.
అవి ఆగాక, వెనక చీకట్లోంచి
కట్టెపోగు సువార్తమ్మ:
"అబ్బాయ్, మరి పరిగె ఎవురేరుకుంటారు?"

కాగితం తిరగేశాను. లేదు.
"అక్కడ ఆ అవసరం ఉండదమ్మా."
"అవసరం లేని ముసల్ది యే దేశంలో ఉందయ్యా"
అంటూ కొంగు దులుపుకుని లేచింది.
వెలుగుకి అడ్డం నడుస్తుంటే
గోధుమ చేను మీద ఆమె నీడ
ఒక్క క్షణం వంగి, పోయింది.

మొన్న ఆఫీసు ఖాళీ చేస్తున్నారంటే వెళ్ళాను.
డబ్బా మూత తీస్తే
బూజు పట్టిన ఊరగాయ జాడీ వాసన.
కాలువ వైపు కిటికీలో
భూతద్దం పెట్టి, రీలు వేళ్ళ మధ్య లాగుతూ కూచున్నాను.
చప్పట్లు కొట్టిన చోటు దాటింది.
మిషను వెళ్ళిపోయింది.
కుడి అంచున, గోరులో సగం లేదు,
తలకి గుడ్డ కట్టుకున్న ముసలమ్మ.
కోసిన మోళ్ళలో వంగి ఏదో ఏరుతోంది.
మరో బొమ్మలోనూ ఏరుతోంది. ఆ తర్వాతి దాంట్లోనూ.
డెబ్బై బొమ్మలు లెక్కపెట్టాక
తలెత్తి కెమెరాని చూసింది.
గబుక్కున ఒడి మూసుకుంది.

ఆ రాత్రి దుప్పటి మీద కూడా
ఆమె ఉండే ఉంటుంది, మూడు సెకన్లు.
అప్పుడు నేను మాట్లాడుతున్నాను.