సైడు వింగులోంచి

ఆదివారం ఆరున్నరకి పాత పోస్టాఫీసు దగ్గర
పసుపు గొడుగు ఎత్తిపట్టుకుని నిలబడింది ఆ అమ్మాయి.
ఎండా లేదు, వానా లేదు.
గొడుగు మా కోసమట, తప్పిపోకుండా.
ఈ వన్‌టౌన్‌లో నేను తప్పిపోవడం!
అయినా రెండొందలు కట్టాను,
పెద్దవాళ్లకి యాభై తగ్గింపు పోను.

బెంగళూరు దంపతులు, మెళ్లో కెమెరాతో ఒక డాక్టరు,
చెవుల్లో తీగలు తియ్యని కాలేజీ పిల్లలు, నేను.
"నా పేరు ప్రణవి. ఈ వీధుల్లో ఒకప్పుడు
నాలుగు నాటకశాలలు ఉండేవి" అంది.
అయిదు.
పైకి అనలేదు. అయిదోది తాటాకుల పందిరి,
ఏ కాగితంలోకి ఎక్కుతుంది?

కోట వీధి మలుపులో మొదటిది.
ఇప్పుడు ఉల్లిపాయల గోడౌను.
స్టేజీ ఉన్నచోట బస్తాలు దూలాల దాకా.
ఆ అమ్మాయి కమాను చూపించింది,
సున్నంతో పోసిన పువ్వులు చూపించింది.
నేను పక్కగోడ కిటికీ చూశాను.
రాణి వేషం వరాలమ్మ గారికి
ఉప్పుచేపల వాసన తగలకుండా
దానికి తడిగోనె కట్టేవాళ్లం.
తగలకుండా ఉంటుందా?
మా అంతఃపురంలోనూ రేవు వాసనే.

రెండోది కల్యాణమండపం. లోపల ఎవరిదో పెళ్లి.
వియ్యాలవారనుకుని మామీద పన్నీరు చల్లారు.
బెంగళూరు ఆవిడ ఎంత మురిసిపోయిందో.

మూడోది లేదు.
చుట్టూ రేకులు, మధ్యన ఖాళీ స్థలం,
స్కూటరు పార్కింగు పది రూపాయలు.
అక్కడ ఆగింది గొడుగు.
"ఇక్కడ..." అంది.
హార్బరు వైపు నుంచి గాలి ఒక్క తోపు తోసింది.
చేతిలో కాగితాలు స్కూటర్ల కిందికి పోయాయి.
"ఇక్కడ... ఒక పోర్టు కార్మికుడు... రాజు వేషం..."
కళ్లు పైకి, మెడ కొంచెం పక్కకి.

ఆ మెడ నాకు తెలుసు.
ఇరవై ఆరేళ్లు అలాంటి మెడల వెనకాలే నిలబడ్డాను,
గుడ్డి బల్బు కింద,
కుట్టు ఊడిన నోటుపుస్తకం పట్టుకుని.
పాంప్లెట్లో హార్మణీ పేరుండేది, లైటింగు పేరుండేది,
కిరీటాలు అద్దెకిచ్చిన కొట్టు పేరు కూడా ఉండేది.
సరే.

ఎప్పుడు జరిగానో ఆమె భుజం వెనక్కి,
పెదవి కదపకుండా, ముందున్న వాళ్లకి వినపడకుండా
అందించాను:
"బోర పైడిరాజు. టగ్గులో బాయిలర్ ఖలాసీ."
"బోర పైడిరాజు" అందామె, వెనక్కి తిరక్కుండా.
"టగ్గులో బాయిలర్ ఖలాసీ."
మంచి నటులు అంతే. ఎవరిచ్చారని చూడరు, అందుకుంటారు.
"కరెంటు పోయిన రాత్రి..."
"కరెంటు పోయిన రాత్రి..."
జనం అగ్గిపుల్లలు గీసుకుంటూ కూర్చున్నారు.
పద్యం ఆపలేదు.
రేవులో ఓడ కూత వేస్తే
ఆ కూతనే శ్రుతి చేసుకుని రాగం ఎత్తాడు.
మూడుసార్లు వన్స్‌మోర్.
ఇంతవరకూ నిజం.
"ఎన్నడూ ఒక్క మాట మరిచిపోలేదు."

"ఎన్నడూ ఒక్క మాట మరిచిపోలేదు!"
గొంతు పెంచి చెప్పింది. డాక్టరు "అబ్బ" అన్నాడు.

పైడిరాజూ, విన్నావా?
రెండో అంకంలో నీకు ఏనాడు మాట తోచింది?
"అందియ్యరా బావా, ఏటది తరవాత?" అని
మీసం కింద నుంచి గొణిగేవాడివి.
ఆ చీకట్లో నాలుగు పాదాలూ
ముక్కలు ముక్కలుగా,
పుల్ల ఆరితే ఇంకో పుల్ల గీసి చదివి,
నీ చెవిలో పోసింది ఎవడ్రా?
బొటనవేలి మీద ఆ మచ్చ అలాగే ఉంది.
పింఛను కాగితాల మీద వేలిముద్ర వేస్తే
అక్కడ తెల్లగా పడుతుంది.

నడక అయ్యాక టీ కొట్టు దగ్గర అడిగింది,
"మీకెలా తెలుసండీ? ఆ నాటకం చూశారా?"
"లేదమ్మా, చూళ్లేదు" అన్నాను.
అదీ నిజమే.
వింగులోంచి రాజు వీపే కనిపిస్తుంది.
చెమటకి నల్లబడ్డ జరీ,
అది జారకుండా
నేను పెట్టిన పిన్నీసు.