ధర నువ్వు చెప్పు

అదెరీతు,
మన ఒప్పందంలో పద్నాలుగో నిబంధన నీకింకా గుర్తుందా?
ఒకరు ధర చెప్పాలి.
రెండోవాళ్లు ఆ ధరకే కొనాలి, లేదా ఆ ధరకే అమ్ముకోవాలి.
పిల్లల తగువు తీర్చినట్టే:
కోసేది ఒకరు, ఏరుకునేది ఇంకొకరు.
సంతకాల రోజు రేవు పక్క హోటల్లో
ఒక్క చేపనే అలా పంచుకుని
తల నీకు, తోక నాకని నవ్వుకున్నాం.
ఇంతకన్నా న్యాయమేముందని నేనే అన్నాను.
వకీలు వద్దన్నాడు కూడా.

ఇరవై రెండేళ్లు.
పడవలొచ్చాయని సైరన్ మోగితే చాలు
సెతూబల్ ఇరుకు సందుల్లోంచి ఆడవాళ్లు
తడి జుట్టు ముడేసుకుంటూ పరుగెత్తుకొచ్చేవాళ్లు.
రేవులో బేరం నీది.
డబ్బా మూత అతుకు మీద గోరు పెట్టి చూడ్డం నాది.
గోరుకి తగిలిందా, ఆ పూట సరుకంతా వెనక్కి.
చాదస్తం అని విసుక్కునేవాడివి.
తిరిగొచ్చిన డబ్బా ఒక్కటీ లేదని
విందుల్లో గొప్పలు చెప్పేదీ నువ్వే.

ఆ మార్చిలో
లిస్బన్‌లో మా ఆయన ఊపిరితిత్తికి మూడో ఆపరేషన్.
ఆస్పత్రి వరండాకే వచ్చింది రిజిస్టర్ పోస్టు.
ధర ఉంది. ముప్ఫై రోజుల గడువు ఉంది.
తక్కువ ధర.
కొనడానికి నా దగ్గర పైసా లేదని
తెలిసిన మనిషి వేసిన ధర.
కోసింది నువ్వే, కాదనను.
ఏరుకునే చెయ్యి కట్టేసి ఉన్నప్పుడు కోశావు.

అమ్మేశాను.
యాభై రోజులకి పేపర్లో చూశాను,
ఒసాకా వాళ్లతో పదేళ్ల ఆర్డరు.
ఆ ఉత్తరాలు జనవరి నాటివని
లెక్కలు రాసే గ్రసీంద
చర్చి మెట్ల మీద నా చెయ్యి పట్టుకుని చెప్పింది.

ఇప్పటికి ఆరేళ్లు.
కోర్టు పంపిన మదింపుదారు కళ్లద్దాలు తుడుచుకుంటూ
గుడ్‌విల్‌కి ఎంత వెయ్యమంటారు అన్నాడు.
మీ వకీలు సున్నా అన్నాడు.
మా వకీలు తొమ్మిది లక్షలన్నాడు.
నేను జాబితాలో వేలు పెట్టి వెతుకుతున్నా.
దొరికింది, నలభయ్యో పేజీ:
సైరన్, పాతది, తుక్కు కింద పన్నెండు యూరోలు.

ఆయన్ని నమ్మారనడానికి ఆధారమేమిటని
బోనులో మీ వకీలు అడిగాడు.
ఈస్టర్‌కి ఊరెళ్తూ ఒకరికొకరం
ఖాళీ కాగితాల మీద సంతకాలు పెట్టిచ్చుకునేవాళ్లం అన్నాను.
రాతపూర్వకంగా ఉందా అన్నాడు.
సంతకాలున్నాయి, రాత లేదన్నాను.
జడ్జిగారు తలెత్తి చూసింది.
నువ్వు మాత్రం బూట్లకేసి చూస్తున్నావు.

మొన్న వాయిదాకి
వరండాలో కాఫీ మిషను దగ్గర
నీకు ఇరవై సెంట్లు తక్కువయ్యాయి.
జేబులన్నీ తడుముకున్నావు.
నేనే వేశాను. ఇద్దరం ఏమీ అనలేదు.
మీ వకీలు పరుగున వచ్చి చెవిలో ఏదో ఊదాడు,
సగం తాగిన కప్పు కిటికీ గట్టు మీద పెట్టేసి వెళ్లిపోయావు.
చక్కెర వద్దని మీట నొక్కావే,
షుగరు వచ్చిందా నీకు?
అది అడగాలన్నా ఇప్పుడు
నా వకీలు నీ వకీలుకి రాయాలి.

తీర్పు సెప్టెంబరులో అంటున్నారు.
పోయినసారీ సెప్టెంబరే అన్నారు.

నిన్న సూపర్‌మార్కెట్లో
మన డబ్బా,
నీ డబ్బా,
తిరగేసి అతుకు మీద గోరు పెట్టాను.
తగిలింది.
పన్నెండు తీసి చూశాను. నాలుగింటికి తగిలింది.
అరలు సర్దే కుర్రాడు
ఏదైనా పోయిందా అమ్మా అని అడిగాడు.

మా వకీలుకి చెబితే ఎగిరి గంతేస్తాడు.
చెప్పలేదు.
అతుకు మిషనులో ఎడమ రోలరు అరిగింది, అదెరీతు.
ఇంకో లోడు ఓడెక్కక ముందే మార్పించు.
ఈ మాట నీకెలా చేరుతుందో తెలీదు.
పాత డైరీ ముందేసుకుని
గ్రసీంద నంబరు వెతుకుతున్నాను.